కానాగంత, వంజరం: జాతులు, గాలపు వేటలో కొలతలు, పరిమితులు

మాకెరెల్ పేరుతో ప్రపంచంలో అమ్ముడయ్యే చేపలన్నీ ఒకే జాతివి కావు. సూరలు, అంటే ట్యూనాలు, ఏ స్కాంబ్రిడే కుటుంబానికి చెందుతాయో ఇవీ ఆ కుటుంబానివే. తెలుగు తీరంలో వీటిని స్థూలంగా రెండు తెగలుగా చూడవచ్చు. గుంపులు గుంపులుగా తిరుగుతూ వల నిండా పడే చిన్న చేప కానాగంత. విడిగానో చిన్న గుంపులుగానో తిరిగి చిన్న చేపలను వేటాడే పెద్ద చేప వంజరం. దానినే ఉత్తరాంధ్రలో కోనెం అంటారు. సముద్రానికి వందల కిలోమీటర్ల దూరాన ఉన్న జనగామ జిల్లా చిల్పూర్ వంటి ఊళ్లకు ఈ రెండూ ఐసు పెట్టెలోనో, ఎండుచేపలుగానో చేరాల్సిందే. పట్టినచోట ఏ కొలత పాటించారో తినేచోట ఎవరికీ తెలియదు.

సరదాకు గాలం వేసేవాడు ఎంత పొడవున్న చేపను ఉంచుకోవచ్చు, రోజుకు ఎన్ని ఉంచుకోవచ్చు అని చట్టంలో రాసిపెట్టడం అమెరికా, ఆస్ట్రేలియా వంటి దేశాల్లో ఎప్పటినుంచో ఉన్న ఆనవాయితీ. తెలుగు నేల మీద అదుపంతా కాలం మీద, పడవ మీద, వల కన్ను మీద ఉంది. గాలం పట్టుకున్న సరదా మనిషి ఆ లెక్కల్లో పెద్దగా కనిపించడు.

జాతులు

కానాగంతను కొన్నిచోట్ల కానగర్త అని కూడా అంటారు. దీని శాస్త్రీయ నామం రాస్ట్రెల్లిజర్ కానగుర్త. రెండో మాట విశాఖపట్నం జాలర్ల నోటిది. ఈస్టిండియా కంపెనీ కొలువులో ఉన్న స్కాట్లండు వైద్యుడు పాట్రిక్ రస్సెల్ 1780లలో విశాఖపట్నంలో ఉండి, రేవులో దొరికిన చేపలకు బొమ్మలు గీయించి, స్థానికులు చెప్పిన పేర్లు చెప్పినట్టే రాసుకున్నాడు. రెండు వందల చేపల ఆ గ్రంథం 1803లో లండన్‌లో అచ్చయింది. దాని ఆధారంగా ఫ్రెంచి శాస్త్రవేత్త క్యువియే 1816లో ఈ చేపకు ఆ తెలుగు పేరే ఖాయం చేశాడు.  రస్సెల్ పుస్తకంలోని కోనం అన్న మాటతో డచ్చి శాస్త్రవేత్త బ్లీకర్ 1851లో మరో చేపకు పేరు పెట్టాడు. అది అంతకుముందే వేరే పేరుతో నమోదైన చేప అని తరువాత తేలడంతో ఆ పేరు వాడుకలో నిలవలేదు.

కానాగంత ఒంటి పైభాగం నీలి ఆకుపచ్చ, కింద వెండి తెలుపు. వీపు పక్కన పొడవునా సన్నని ముదురు చారలు, ఛాతీ రెక్క దగ్గర ఒక నల్లమచ్చ ఉంటాయి. నోరు తెరిస్తే లోపల మొప్పల దువ్వెన పళ్లు పొడుగ్గా కనిపిస్తాయి. నీటిలో తేలే సూక్ష్మజీవులను వడగట్టి తినడానికే ఆ ఏర్పాటు. గరిష్ఠంగా 35 సెం.మీ. దాకా పెరుగుతుంది, సంతలో కనిపించేది ఎక్కువగా 20 నుంచి 25 సెం.మీ. మధ్యది. త్వరగా ఎదిగి త్వరగా గుడ్లు పెట్టే చేప ఇది, ఆయుష్షు కొద్ది ఏళ్లే. తొలిసారి గుడ్లకు వచ్చే పొడవు తీరాన్ని బట్టీ ఏడాదిని బట్టీ మారుతుంది. వేర్వేరు అధ్యయనాల్లో 17 నుంచి 23 సెం.మీ. వరకు నమోదైంది. ఈ ప్రజాతిలో మరో రెండు జాతులున్నాయి. వాటిలో బ్రాకిసోమా అండమాన్ నుంచి ఆగ్నేయాసియా దాకా దొరుకుతుంది. మలేషియాలోని తెలుగువారు అక్కడి బజారులో ఇకాన్ కెంబుంగ్ అని కొనేది ఈ రాస్ట్రెల్లిజర్లనే.

ఐరోపా, జపాన్, అమెరికా పుస్తకాల్లో మాకెరెల్ అంటే సాధారణంగా స్కాంబర్ ప్రజాతి. అందులో నాలుగు జాతులు. ఉత్తర అట్లాంటిక్‌లోని స్కాంబర్ స్కాంబ్రస్‌కు గాలితిత్తి ఉండదు. ఈదడం ఆపితే మునిగిపోతుంది కనుక బతికినంతకాలం ఈదుతూనే ఉంటుంది. మన కానాగంతకు ఇది దగ్గర చుట్టమే గాని అదే చేప కాదు. టిన్ను మీద మాకెరెల్ అని చూసి కానాగంత అనుకోవడం మామూలు పొరపాటు.

వంజరాల ప్రజాతి స్కాంబరోమోరస్. ప్రపంచంలో పద్దెనిమిది జాతులు. తెలుగు తీరంలో ముఖ్యమైనవి మూడు. ఒంటి మీద నిలువుగా అలల్లాంటి గీతలుంటే అది కామర్సన్, అన్నిటికన్నా పెద్దది. రెండు మీటర్లు దాటి, 70 కిలోల దాకా తూగినవి నమోదయ్యాయి. వరసలుగా గుండ్రని చుక్కలుంటే గట్టేటస్. ఇది 76 సెం.మీ. మించదు. అడ్డంగా విరిగిన గీతలుంటే లీనియోలేటస్. ముక్కలు చేశాక ఈ తేడాలేవీ మిగలవు. హైదరాబాదులో, వరంగల్‌లో వంజరం ముక్క కొనేవారికి మూడూ వంజరమే. వేటగాడికి మాత్రం ఆ తేడా తెలిసి తీరాలి. 60 సెం.మీ. గట్టేటస్ అంటే దాదాపు పూర్తిగా ఎదిగిన చేప. అదే పొడవున్న కామర్సన్ ఇంకా పిల్లే.

పొడవు ఎందుకు, సంఖ్య ఎందుకు

కనీస పొడవు వెనక ఉన్న వాదం చిన్నదే. చేప ఒక్కసారైనా గుడ్లు పెట్టాకే పట్టాలి. ఆచరణలో మాత్రం కొలవడం దగ్గరే చిక్కు మొదలవుతుంది. మూతి కొస నుంచి తోక కొస దాకా కొలిస్తే మొత్తం పొడవు. తోక చీలిన చోటు దాకా కొలిస్తే చీలిక పొడవు. వంజరం తోక లోతుగా చీలి ఉంటుంది కనుక రెండు కొలతల మధ్య కొన్ని సెంటీమీటర్లు తేడా వస్తుంది. కానాగంతకు కేరళ పెట్టిన నియమం మొత్తం పొడవుది, ఫ్లోరిడాది చీలిక పొడవుది. ఏ కొలతో చెప్పకుండా ఫలానా చేపకు ఇన్ని సెంటీమీటర్లు అని ఎవరైనా రాస్తే ఆ అంకెకు విలువ లేదు. చేపను బల్లపరుపు చెక్క మీద పడుకోబెట్టి, నోరు మూసి, టేపును ఒంటి వంపు మీదుగా కాక పక్కన తిన్నగా పరచి కొలవాలి.

పొడవు ఒక్కటే సరిపోదు. చిన్న చేపను గాలం నుంచి తీసి నీటిలో వదిలితే అది బతకాలి కదా. కొర్రమీను లాంటివి కాసేపు గట్టు మీద ఉన్నా తట్టుకుంటాయి. మాకెరెల్ తెగ అలా కాదు. నోరు తెరిచి ముందుకు ఈదుతూ మొప్పల మీదుగా నీరు పారించుకోవడం వీటి పద్ధతి. పట్టి నిలిపితే ఊపిరి ఆడదు. పైగా పొలుసు చిన్నది, చర్మం సున్నితం, పట్టుకుంటేనే దెబ్బతింటుంది. వదిలేసిన వంజరాలు తరువాత చచ్చిపోయే ప్రమాదం ఎక్కువ. పొడవు నియమం గట్టిగా పెట్టి సంఖ్య వదిలేస్తే సరదా వేటగాడు ఒక పెద్ద చేప కోసం పది చిన్నవాటిని గాయపరిచి వదులుతాడు. అందుకే ఈ చేపల విషయంలో రోజుకు ఇన్ని అన్న పరిమితి పొడవుకన్నా బలమైన పనిముట్టు. నా అభిప్రాయంలో ఒకటే ఎంచుకోవలసి వస్తే సంఖ్యనే ఎంచుకోవాలి.

మరో కారణం ఆహార భద్రత. ఈ కుటుంబపు చేపల కండలో హిస్టిడిన్ అనే అమైనో ఆమ్లం ఎక్కువ. పట్టిన వెంటనే ఐసులో పెట్టకపోతే బాక్టీరియా దానిని హిస్టమిన్‌గా మారుస్తుంది. తిన్నాక ముఖం ఎర్రబడడం, తలనొప్పి, దద్దుర్లు, వాంతులు వస్తాయి. పులుసు ఎంతసేపు మరిగించినా, ఎంత కారం వేసినా హిస్టమిన్ పోదు. సరదాకు గాలం వేసేవాడు పట్టిన ముప్పై చేపలను ఎండలో బకెట్‌లో ఉంచి, సాయంత్రం ఇరుగుపొరుగుకు పంచడం కన్నా ఐదు పట్టి ఐసులో పెట్టడం మేలు.

తెలుగు తీరంలోని అదుపు

ఆంధ్రప్రదేశ్ సముద్ర మత్స్య నియంత్రణ చట్టం 1994లో వచ్చింది, నియమాలు 1995లో వచ్చాయి. తీరం నుంచి 8 కి.మీ. దాకా మరపడవలు రాకూడదు, ఆ నీరు సంప్రదాయ పడవలకు. 20 మీటర్లకు మించిన పెద్ద పడవలు 23 కి.మీ. అవతలే వేటాడాలి. వల కన్ను మరీ చిన్నది కాకూడదు. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు తూర్పు తీరమంతటా మరపడవల వేట బంద్. ఆ కాలానికి మత్స్యకార కుటుంబాలకు ప్రభుత్వం భృతి ఇస్తుంది. ఎల్ఈడీ దీపాలు వెలిగించి గుంపులను రప్పించి పట్టడాన్ని కేంద్రం 2017లో తన జలాల్లో నిషేధించింది.

కానాగంతకు అసలు ప్రమాదం గుంపుగా తిరగడంలోనే ఉంది. రింగు వల ఒకసారి చుడితే ఒక గుంపు గుంపే పడుతుంది, అందులో పిల్లా పెద్దా అన్న తేడా ఉండదు. 2022 జనవరిలో విశాఖ తీరంలో రింగు వలల మీద మత్స్యకార పల్లెల మధ్యే పెద్ద గొడవ జరిగింది. ఒడ్డుకు దగ్గరలో గాలం, చిన్న వలలతో బతికేవారు ఒక పక్క, రింగు వల మీద పెట్టుబడి పెట్టినవారు ఇంకో పక్క. ఇద్దరూ ఒకే సముద్రం మీద బతికే బీదలే. దీనిని కేవలం శాంతిభద్రతల సమస్యగా చూడడం చేపకూ మేలు చేయదు, మనిషికీ మేలు చేయదు.

చేపను బట్టి కనీస పొడవు పెట్టిన మొదటి రాష్ట్రం కేరళ. కొచ్చిలోని కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ సిఫారసు మీద 2015లో 14 రకాలకు, తరువాత 2017లో మరికొన్ని కలిపి 58 రకాలకు అది పొడవులు నిర్ణయించింది. కానాగంతకు 14 సెం.మీ., కవళ్ల జాతి నూనె చేపకు 10 సెం.మీ. మహారాష్ట్ర 2023లో 54 రకాలకు అలాంటి జాబితా ప్రకటించింది. 14 సెం.మీ. అన్నది తొలి గుడ్ల పొడవుకన్నా తక్కువే. శాస్త్రం చెప్పే అంకెకూ రేవులో నిలబడి అమలు చేయగల అంకెకూ మధ్య కుదిరిన రాజీ అది. రాజీ అయినా పనికొచ్చేదే. పిల్లలను కోళ్ల మేతకు, చేపల పొడికి తరలించే వ్యాపారాన్ని పట్టుకోవడానికి అధికారి చేతిలో ఒక స్కేలు ఉంటే చాలు.

ఈ జాబితాలన్నీ వలతో పట్టి అమ్మేవారిని ఉద్దేశించినవి. యారాడ రాళ్ల మీదో, భీమిలి వైపో, కాకినాడ ఒడ్డునో సెలవు రోజున రీలు గాలం వేసే వ్యక్తికి రోజువారీ సంఖ్య చెప్పే సంప్రదాయం మన దగ్గర ఏర్పడలేదు. అలాంటివారు ఇప్పటికి తక్కువే కావచ్చు. కానీ అద్దె పడవలు, ఖరీదైన రీళ్లు, కోనెం పట్టి ఫోటో దిగే మోజు పెరుగుతున్నాయి. తక్కువమంది ఉన్నప్పుడే పరిమితి పెట్టడం సులువు. అలవాటయ్యాక తగ్గించబోతే గొడవ.

విదేశాల్లో తెలుగువారు పాటించవలసినవి

ఫ్లోరిడాలో స్పానిష్ మాకెరెల్‌కు, అంటే మన వంజరాల తమ్ముడు స్కాంబరోమోరస్ మాక్యులేటస్‌కు, కనీసం 12 అంగుళాల చీలిక పొడవు ఉండాలి. మనిషికి రోజుకు 15 చేపలు. కింగ్ మాకెరెల్‌కు 24 అంగుళాలు, మెక్సికో సింధుశాఖ వైపు రోజుకు 3. టెక్సాస్‌లో అవే చేపలకు మొత్తం పొడవు లెక్కన స్పానిష్‌కు 14 అంగుళాలు, 15 చేపలు. కింగ్‌కు 27 అంగుళాలు, 3 చేపలు. హ్యూస్టన్ తెలుగు కుటుంబం గాల్వెస్టన్‌కూ టాంపా కుటుంబం దగ్గరి వంతెనకూ వెళ్లినప్పుడు రెండు వేర్వేరు లెక్కలు పాటించాలన్నమాట. సరదాకు పట్టినదాన్ని అమ్మడానికి వీల్లేదు. పొరుగింటి అంకుల్‌కు ఊరికే ఇవ్వవచ్చు గాని డబ్బు తీసుకుంటే నేరం.

అమెరికా ఈశాన్య తీరంలో అట్లాంటిక్ మాకెరెల్‌కు చాలాకాలం సంఖ్యా పరిమితే లేదు. బకెట్లకు బకెట్లు పట్టేవారు, కొంత ఎరకే పోయేది. నిల్వలు బాగా పడిపోయాక 2023లో మనిషికి 20 చేపలు అని మొదటిసారి పెట్టారు. ఐరోపా సమాఖ్యలో ఇదే చేపకు కనీస పొడవు 20 సెం.మీ., ఉత్తర సముద్రంలో 30 సెం.మీ.

ఆస్ట్రేలియాలోని క్వీన్స్‌లాండ్ ఉదాహరణ అన్నిటికన్నా ఎక్కువ నేర్పేది, ఎందుకంటే అక్కడి చేప మన కామర్సన్ కోనెమే. కనీసం 75 సెం.మీ. ఉండాలి. 2021 నాటి అంచనాలో తూర్పు తీరపు నిల్వ వేట మొదలు కాకముందున్న దానిలో 17 శాతమే మిగిలిందని తేలింది. సరదా వేటగాళ్లు ఒప్పుకోలేదు. తమకు ఎప్పటిలాగే చేపలు పడుతున్నాయన్నారు. గుడ్ల కాలంలో ఈ చేప కొన్ని పగడపు దిబ్బల దగ్గర గుంపుగా చేరుతుంది. నిల్వ తగ్గినా గుంపు చోటు మారదు కనుక గాలం వేసినవాడికి తగ్గుదల తెలియదు. చివరికి 2023 జులై 1 నుంచి మనిషికి 3 ఉన్న పరిమితిని 1కి తగ్గించారు. పడవలో ఇద్దరు, అంతకన్నా ఎక్కువమంది ఉంటే పడవకు 2. బ్రిస్బేన్ తెలుగువారు దీన్ని పట్టించుకోకపోతే జరిమానా చిన్నది కాదు. అన్నట్టు, అక్కడి ప్లాటిపస్ అఖాతంలో ఈ చేపను అసలు ముట్టనివ్వరు. పగడపు దిబ్బల విషం చేరిన పెద్ద చేపల వల్ల జనం జబ్బు పడిన చోటు అది.

తెలంగాణ పల్లెలనుంచి ఎక్కువగా వెళ్లేది గల్ఫ్‌కు. ఒమన్‌లో అదే కోనెంకు కనీస పొడవు 65 సెం.మీ. ఆగస్టు 15 నుంచి అక్టోబరు 15 దాకా దాని వేట పూర్తిగా నిషేధం. యూఏఈలోనూ అదే సెలవు. సముద్రం ఒడ్డున శుక్రవారం కాలక్షేపానికి గాలం వేసే కూలీ మనిషికి కూడా లైసెన్సు అవసరం కావచ్చు. ఈ సంగతి చెప్పి పంపే ఏజెంటు ఉండడు.

ఈ అంకెలు ఏటేటా మారేవి. గాలం వేయబోయే రోజున ఆ ప్రభుత్వపు తాజా పట్టిక చూసుకోవాలి.

చిల్పూర్ వైపు నుంచి

చిల్పూర్ 2016 అక్టోబరులో జనగామ జిల్లా ఏర్పడినప్పుడు స్టేషన్ ఘన్‌పూర్ నుంచి విడివడి మండలమైంది. గుట్ట మీది బుగులు వెంకటేశ్వరస్వామి గుడి, దేవాదుల నీళ్లు వచ్చే మల్లన్నగండి జలాశయం ఈ మండలానివి. ఇక్కడ గాలం అంటే చెరువు గాలమే. వానపాము, పిండి ముద్ద ఎర. పడేది రవ్వ, బొచ్చె, బంగారుతీగ, జెల్ల, అదృష్టం ఉంటే కొర్రమీను. చెరువులో వేట హక్కు మత్స్య పారిశ్రామిక సహకార సంఘానిది, అందులో ముదిరాజులు, గంగపుత్రులు సభ్యులు. సంఘం ఒప్పుకోకుండా గాలం వేయడం మర్యాదా కాదు, న్యాయమూ కాదు. తోటాలు పేల్చి, మందు కలిపి చేపలు పట్టడాన్ని 1897 నాటి భారత మత్స్య చట్టమే నేరంగా ప్రకటించింది.

సముద్రపు లెక్కను చెరువుకు అలాగే తెచ్చి అంటించకూడదు. కానాగంతకు కనీస పొడవు పెట్టేది అది గుడ్లు పెట్టి గుంపును నిలుపుతుందని. రవ్వ, బొచ్చె నిలిచిన చెరువు నీళ్లలో గుడ్లు పెట్టవు, వాటికి పారే నీరు కావాలి. 2016-17 నుంచి తెలంగాణ ప్రభుత్వం ఉచితంగా వదులుతున్నట్టు పిల్లను వదిలితేనే చెరువులో ఈ చేపలు ఉంటాయి. మామూలు చెరువులకు 35 నుంచి 40 మి.మీ., జలాశయాలకు 80 నుంచి 100 మి.మీ. పిల్ల వదులుతారు. కాబట్టి చిన్న రవ్వను గాలంతో లాగడం వల్ల పోయేది సంతానం కాదు, సంఘానికి రావలసిన బరువు, డబ్బు. కొర్రమీను సంగతి వేరు. అది చెరువులోనే గూడు కట్టి గుడ్లు పెడుతుంది, ఎర్రని పిల్లల గుంపుకు కాపలా కాస్తుంది. వానల్లో పిల్లల వెంట ఉన్న కొర్రమీనును గాలానికి లాగితే ఆ గుంపంతా పక్షులకూ ఇతర చేపలకూ మేతే. రాష్ట్ర చేప అని పేరు పెట్టుకున్నందుకైనా వానాకాలంలో దాని జోలికి పోకుండా ఉండాల్సింది.

ఇక మృగశిర కార్తె. జూన్ 7, 8 తేదీల్లో తెలంగాణలో ఇంటింటా చేప ఉండాలి. ఆ రోజుల్లో తూర్పు తీరంలో ఇంకా నిషేధం నడుస్తుంటుంది. పడమటి తీరంలో జూన్ 1న మొదలై జులై 31 దాకా ఉంటుంది. రెండు తీరాల మరపడవలూ ఒడ్డునే ఉండే రెండు వారాల్లో సరిగ్గా మన పండుగ పడుతుంది. ఆ రోజు బండి మీద తాజా కానాగంత అని, తాజా వంజరం అని అమ్మితే అది సంప్రదాయ పడవలో పట్టిన కొద్దిపాటి సరుకైనా కావాలి, కోల్డ్ స్టోరేజీదైనా కావాలి, నిషేధాన్ని దాటి పట్టిందైనా కావాలి. మృగశిరకు చెరువు చేప కొనండి. సముద్రపు చేప కావాలంటే జులై దాకా ఆగండి. కానాగంత కొనేటప్పుడు జానెడుకన్నా బాగా చిన్నదైతే వద్దనండి, మొప్ప ఎత్తి ఎర్రగా ఉందో లేదో చూడండి, ఐసు కరిగిపోయిన పెట్టెలోది ఎంత చవకైనా తీసుకోకండి.